అర్జీ తేలేదాకా నరికివేత ఆగాలి

అటవీ భూమి అన్యాక్రాంతమవుతోందంటూ హైకోర్టు మెట్లెక్కినవారికి ధర్మాసనం నుంచి తరచూ ఎదురయ్యే తొలి ప్రశ్న, అధికారులకు అర్జీ పెట్టుకున్నారా అన్నది. అందులో తప్పేమీ లేదు. సర్వే నంబర్లు, హద్దులు, నోటిఫికేషన్లు తేల్చే దస్త్రాలు అటవీ, రెవెన్యూ శాఖల దగ్గరే ఉంటాయి. పైగా జిల్లా అటవీ అధికారి (డీఎఫ్‌ఓ)కి, కలెక్టర్‌కు ఫిర్యాదు ఇచ్చి రసీదు తీసుకుంటే, ఆ శాఖలు తమ వైఖరిని కాగితం మీద పెట్టక తప్పదు. రేపు న్యాయస్థానంలో మాట మార్చడం కష్టమవుతుంది.

మాట మారిస్తే ఏమవుతుందో భూపాలపల్లి జిల్లా కొంపల్లి వివాదం చూపింది. అక్కడి 106 ఎకరాల పైచిలుకు రిజర్వ్ ఫారెస్టుపై దశాబ్దాలు సాగిన దావాలో అటవీ శాఖ ఒకటి చెబితే కలెక్టర్ ప్రమాణపత్రం మరొకటి చెప్పింది. 2024 ఏప్రిల్ 18న సుప్రీంకోర్టు దాన్ని అటవీ భూమిగానే నిలబెట్టి, రాష్ట్రానికీ ప్రతివాదులకూ చెరో రూ.5 లక్షలు ఖర్చుల కింద విధించింది. కుమ్మక్కు ప్రమాణపత్రాలు వేసిన అధికారుల నుంచే ఆ సొమ్ము రాబట్టుకోవచ్చనీ చెప్పింది.

అయితే అర్జీ తేలేలోపు అడవే లేకుండా పోతే? హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయం పక్కనున్న కంచ గచ్చిబౌలిలో 2025 మార్చి చివర వరుస సెలవుల్లో దిగిన యంత్రాలు, హైకోర్టు, ఆ వెంటే సుప్రీంకోర్టు ఆపమనేలోగా సుమారు 100 ఎకరాల పచ్చదనాన్ని తుడిచిపెట్టాయి. అడవి లక్షణాలున్న భూములను గుర్తించేందుకు రాష్ట్రం నిపుణుల కమిటీ వేసింది అదే మార్చి 15న. ముందు ఆ కమిటీకి మొరపెట్టుకోవాల్సిందని అక్కడి విద్యార్థులకు ఎవరు చెప్పగలరు?

అర్జీ పెట్టినంత మాత్రాన గడువులు ఆగవన్నది మరో చిక్కు. అటవీ భూమిని మళ్లిస్తూ అటవీ సంరక్షణ చట్టం సెక్షన్ 2 కింద రాష్ట్రం ఇచ్చిన ఉత్తర్వుపై జాతీయ హరిత ట్రిబ్యునల్‌కు 30 రోజుల్లో అప్పీలు చేయాలి. తగిన కారణం చూపితే మరో 60 రోజులు, అంతే. కలెక్టరేట్ జవాబు కోసం నాలుగు నెలలు ఎదురుచూసిన గ్రామస్థుడికి ఆ దారి మూసుకుపోతుంది.

పోడు రైతు విషయంలో చట్టం ఇంతకన్నా మెరుగ్గా ఆలోచించింది. గ్రామసభ తీర్మానంపై 60 రోజుల్లో సబ్‌డివిజన్ కమిటీకి, అక్కడి నుంచి జిల్లా కమిటీకి వెళ్లవచ్చునన్న 2006 అటవీ హక్కుల చట్టం, హక్కుల గుర్తింపు, పరిశీలన పూర్తయ్యేదాకా ఎవరినీ ఖాళీ చేయించరాదని సెక్షన్ 4(5)లో కట్టడి చేసింది. (అది అమలవుతున్న తీరు వేరే కథ.) సాగుదారుకు దక్కిన ఆ ఊరట చెట్టుకు ఎందుకు దక్కకూడదు? ఫిర్యాదుకు రసీదు ఇచ్చిన రోజు నుంచి రెండు శాఖల ఉమ్మడి సర్వే ముగిసేదాకా ఆ నేలపై నరికివేత, చదును నిలిపివేస్తూ ఇరు తెలుగు రాష్ట్రాలు స్థాయీ ఉత్తర్వులు ఇవ్వాలి. తప్పుడు ఫిర్యాదులతో పనులు నిలిచిపోతాయన్న భయం ఉంటే, సర్వేను 30 రోజుల్లో ముగించి కారణాలతో జవాబివ్వడం ప్రభుత్వాల చేతిలోనే ఉంది.

ప్రత్యామ్నాయ మార్గం ఉన్నప్పుడు రిట్ స్వీకరించకపోవడం న్యాయస్థానాలు తమకు తాము పెట్టుకున్న నియమమే తప్ప హైకోర్టులకు రిట్ అధికారమిచ్చే రాజ్యాంగం 226వ అధికరణానికి అడ్డుగోడ కాదు. కాబట్టి అలాంటి ఉత్తర్వులు వచ్చేవరకు, అర్జీ నకలుతో, యంత్రాలు దిగిన ఫొటోలతో వచ్చినవారిని మళ్లీ అధికారుల దగ్గరికి తిప్పి పంపవద్దని హైకోర్టులను కోరుతున్నాం.