తొలి మూడేళ్లు ఎవరి బాధ్యత?

పుట్టుకా, పెంపకమా అన్న పాత వాదానికి పసిబిడ్డ మడమ నుంచి తీసే ఒక్క రక్తపు చుక్క ఏనాడో జవాబు చెప్పింది. ఫినైల్‌కీటోన్యూరియా అనే జబ్బు తల్లి నుంచీ తండ్రి నుంచీ లోపమున్న జన్యువు అందితేనే వస్తుంది. మాంసకృత్తుల్లో ఉండే ఫినైలాలనైన్‌ను ఆ బిడ్డ శరీరం వాడుకోలేదు. అది రక్తంలో పేరుకుపోయి మెదడును దెబ్బతీస్తుంది. అచ్చంగా జన్యువుల జబ్బే, కానీ దాన్ని అడ్డుకునేది తిండి. 1960లలో రాబర్ట్ గత్రీ రూపొందించిన రక్తపరీక్షతో తొలి రోజుల్లోనే గుర్తించి, ఆ పదార్థాన్ని కొలిచి పెట్టే ఆహార నియమం పాటిస్తే బిడ్డ తోటివారితో సమానంగా ఆడుకుంటుంది, చదువుకుంటుంది. పరీక్ష జరగకపోతే అదే బిడ్డకు, అవే జన్యువులతో, జీవితాంతం మేధో వైకల్యం. ఆ బిడ్డకు ఏ బతుకు దక్కుతుందో తేల్చేది పెద్దలు నడిపే ఆస్పత్రి, వాళ్లు చేసే ఖర్చు, చూపే శ్రద్ధ.

అయినా ‘పుట్టుకతో వచ్చిన బుద్ధి పుడకలతో గానీ పోదు’ అన్న మాట చలామణిలోనే ఉంది. చదువులో వెనకబడిన పిల్లల గురించి ఈ మాట అనని బడి అరుదు. ప్రభుత్వాలు పైకి అనకపోయినా వాటి పద్దులు అదే చెబుతాయి. చాలా దేశాల్లో పిల్లల మీద పెట్టే ప్రజాధనం బడి వయసు వచ్చాకే పెరుగుతుంది. మెదడు అతి వేగంగా ఎదిగే తొలి ఏళ్లను ఇంటికి, ఇంట్లోనూ తల్లికి వదిలేస్తారు. ఈ తీరు మారాలి. పసివయసులో మనసు ఎదుగుదల కుటుంబపు సొంత వ్యవహారం మాత్రమే కాదు, సమాజం డబ్బూ మనుషులనూ పెట్టి చేయాల్సిన పని.

ఈ వాదాన్ని చెరో కొసకూ లాగినవాళ్లు చేసిన హాని చిన్నది కాదు. 1870లలో బ్రిటిష్ శాస్త్రవేత్త ఫ్రాన్సిస్ గాల్టన్ పుట్టుకను, పెంపకాన్ని ఎదురెదురుగా నిలబెట్టాడు. మేధ వంశాల్లోనే ఉంటుందన్న ఆయన నమ్మకం నుంచి పుట్టిన ‘మేలుజాతి’ సిద్ధాంతం (యూజెనిక్స్) తర్వాతి కాలంలో అనేక దేశాల్లో నిస్సహాయులకు బలవంతపు సంతాన నిరోధక శస్త్రచికిత్సలు చేయించింది. దానికి ఎదురుతిరిగిన అమెరికన్ మనస్తత్వవేత్త జాన్ వాట్సన్, ఆరోగ్యంగా పుట్టిన ఏ బిడ్డనైనా తాను కోరిన మనిషిగా మలచగలనన్నాడు. పిల్లలను హత్తుకోవద్దని, ముద్దాడవద్దని తల్లులకు బోధించాడు. మొదటి వాదం బిడ్డలను గాలికొదిలేయడానికి సాకు చూపితే, రెండోది తల్లులను బోనెక్కించింది. ఆ రెండు ధోరణులూ నేటికీ పోలేదు.

మెదడు గురించి తెలిసినదేదీ ఈ రెంటికీ ఊతమివ్వదు. పుట్టేనాటికి బిడ్డ మెదడు పరిమాణం పెద్దల మెదడులో మూడోవంతు. రెండేళ్లు నిండేసరికి అది ఐదింట నాలుగు వంతులకు చేరుతుంది. నాడీకణాలు చాలా వరకు పుట్టుకతోనే ఉంటాయి. తర్వాత విపరీతంగా పెరిగేది వాటి మధ్య అల్లుకునే అనుసంధానాలు. ప్రకృతి వీటిని అవసరానికి మించి అల్లుతుంది. వాడుకలో ఉన్నవి బలపడతాయి, లేనివి రాలిపోతాయి. ఏది నిలవాలో, ఏది పోవాలో జన్యువులు ముందే రాసిపెట్టలేదు. ఆ నిర్ణయాన్ని అవి అనుభవానికి వదిలేశాయి. పుట్టుక, పెంపకం కలిసే చోటు ఇదే.

నాడీశాస్త్రవేత్తలు డేవిడ్ హ్యూబెల్, టోర్‌స్టెన్ వీజెల్ దీన్ని కళ్లకు కట్టారు. పుట్టిన కొత్తలో పిల్లికూనకు ఒక కన్ను మూసి ఉంచి, కొన్ని వారాల తర్వాత తెరిచారు. కంట్లో లోపమేమీ లేదు. కానీ మెదడు ఆ కంటి మాట వినడం మానేసింది, దాని చోటును రెండో కన్ను ఆక్రమించింది. ఎదిగిన పిల్లికి అంతకాలమే కన్ను మూసినా ఇలా జరగలేదు. ఈ ఇద్దరికీ 1981లో నోబెల్ బహుమతి దక్కింది. పుట్టుకతోనే శుక్లాలున్న పసివారికి తొలి వారాల్లోనే శస్త్రచికిత్స చేయాలని వైద్యులు తొందరపెట్టేది ఇందుకే. ఆలస్యమైతే కన్ను బాగుపడినా చూపు పూర్తిగా రాకపోవచ్చు.

మాట సంగతీ అంతే. త, ట ధ్వనుల మధ్య తేడా మనకు పట్టించుకోనక్కర్లేనంత సులువు, ఇంగ్లీషు మాత్రమే తెలిసిన పెద్దవారికి గగనం. కానీ ఇంగ్లీషు ఇళ్లలో పెరుగుతున్న ఆరేడు నెలల పసివారు ఈ తేడాను పట్టేస్తారని, ఏడాది నిండే వేళకు ఆ శక్తి వారిలో సన్నగిల్లుతుందని జానెట్ వెర్కర్, రిచర్డ్ టీస్ 1984లో నిరూపించారు. హిందీ వింటూ పెరిగే పిల్లల్లో అది నిలిచే ఉంది. ఏ భాషకైనా సిద్ధపడి పుట్టిన చెవి, చుట్టూ వినబడే భాషకు అంకితమైపోతుంది. మరి ఆ వినబడటం ఎవరి నోటి నుంచి? పాట్రీషియా కూల్ బృందం 2003లో ఈ ప్రశ్నకు జవాబిచ్చింది. తొమ్మిది నెలల అమెరికన్ పిల్లలకు పన్నెండు సార్లు మాండరిన్ చైనీస్ వినిపించారు. ఎదురుగా కూర్చుని ఆడిస్తూ మనిషి మాట్లాడినప్పుడు పిల్లలు ఆ భాషా ధ్వనుల తేడాను పట్టుకున్నారు. అవే మాటలు, అదే మనిషి, తెర మీద కనిపిస్తే ఏమీ పట్టుకోలేదు. పిల్లల మేధను పెంచుతామంటూ యాప్‌లు, వీడియోలు అమ్మేవారికి ఈ ఫలితం కంటే గట్టి సమాధానం అక్కర్లేదు. బిడ్డ ‘ఊ’ అన్నప్పుడు ‘ఊ’ కొట్టే మనిషి కావాలి. తెరకు అది చేతకాదు.

ఆ మనిషే లేకపోతే ఏమవుతుందో రొమేనియా చెప్పింది. అక్కడి నియంత చౌషెస్కూ పాలన 1966లో గర్భస్రావాలను నిషేధించింది. పెంచే స్తోమత లేని ఇళ్ల నుంచి వేలమంది పిల్లలు ప్రభుత్వ శిశుగృహాలకు చేరారు. తిండి, నీడ ఉన్నా, ఒక్కో ఆయా చూసుకోగలిగిన దానికి మించి పిల్లలు ఉండటంతో వారిని ఎత్తుకునే చేతులు కరువయ్యాయి. పాలన కూలిపోయాక, 2000 తర్వాత చార్లెస్ నెల్సన్, నేథన్ ఫాక్స్, చార్లెస్ జీనా బుఖారెస్ట్‌లో 136 మంది పసివారిని తీసుకుని, సగం మందిని పెంపుడు కుటుంబాలకు అప్పగించారు. నాలుగున్నరేళ్ల వయసులో కొలిస్తే గృహాల్లో మిగిలినవారి సగటు మేధాసూచీ (ఐక్యూ) 73 దగ్గర, కుటుంబాల్లోకి వెళ్లినవారిది 81 దగ్గర తేలింది. సొంత ఇళ్లలో పెరిగిన పిల్లలది వంద దాటింది. రెండేళ్లు నిండకముందే ఇల్లు దొరికినవారు ఎక్కువ కోలుకున్నారు. గృహాల్లో మిగిలినవారిని, కుటుంబాల్లోకి వెళ్లినవారిని వేరుచేసింది వంశం కాదు, చీటీ వేసి జరిపిన ఎంపిక. అందుకే ఈ అంకెలు మనల్ని ఇంతగా కలవరపెట్టాలి.

ఇంతమాత్రాన జన్యువులకు విలువ లేదనలేం. ఇద్దరు బిడ్డలను పెంచిన ఎవరికైనా తెలుసు, ఒకరు కొత్త మొహం చూస్తే నవ్వుతారు, మరొకరు తల్లి భుజం చాటున దాక్కుంటారు. కవలల మీద యాభై ఏళ్లపాటు జరిగిన అధ్యయనాలన్నింటినీ 2015లో క్రోడీకరిస్తే, మనుషుల లక్షణాల్లో కనిపించే తేడాల్లో సగటున 49 శాతం జన్యువులకు సంబంధించినవని తేలింది. కానీ ఆ సగం ఎప్పుడూ సగంగానే ఉండదు. ఎరిక్ టర్క్‌హైమర్ బృందం 2003లో అమెరికాలోని ఏడేళ్ల కవలలను పరిశీలించింది. కలిగిన ఇళ్లలో పిల్లల మేధలోని తేడాలకు ఎక్కువగా జన్యువులే కారణమయ్యాయి. పేద ఇళ్లలో వాటి వాటా దాదాపు శూన్యం. పేద బిడ్డకు పుట్టుకతో ఏ శక్తి వచ్చిందో బయటపడే అవకాశాన్నే పేదరికం మింగేసింది. ‘పుట్టుబుద్ధి’ అని తీర్పు చెప్పేవాళ్లు ఆగి ఆలోచించాల్సిన చోటు ఇది. పుట్టుక తన బలం చూపాలన్నా పెంపకం నిండుగా ఉండాలి.

అయితే మూడేళ్లు దాటితే తలుపులు మూసుకుపోతాయని తల్లిదండ్రులను భయపెట్టడం కూడా అన్యాయమే. చూపు, ధ్వనుల వంటి కొన్నిటికి గడువులు బిగుసుగా ఉంటాయి. ఆలోచన, ఆత్మనిగ్రహం చూసే మెదడు ముందుభాగం ఇరవైల వయసు దాకా ఎదుగుతూనే ఉంటుంది. ఆలస్యంగా ఇల్లు దొరికిన పిల్లలు కూడా మెరుగుపడ్డారు. కాకపోతే ఆలస్యమయ్యేకొద్దీ శ్రమ, ఖర్చు పెరుగుతాయి, ఫలితం తగ్గుతుంది.

ఏం చేయాలన్నదానికి జమైకా దారి చూపింది. 1980ల చివర్లో కింగ్‌స్టన్ పేటల్లో, తిండి చాలక ఎదుగుదల కుంటుపడిన 129 మంది పసివారితో సాలీ గ్రాంథమ్-మెక్‌గ్రెగర్ ఒక ప్రయత్నం చేశారు. స్థానిక ఆరోగ్య కార్యకర్తలు రెండేళ్లపాటు వారానికోసారి, గంటసేపు, కొందరి ఇళ్లకు వెళ్లారు. ఇంట్లో దొరికే వస్తువులతో చేసిన బొమ్మలు పట్టుకెళ్లి, బిడ్డతో ఎలా ఆడాలో, ఎలా మాట్లాడాలో తల్లికి చేసి చూపారు. ఇరవై ఏళ్ల తర్వాత చూస్తే ఆ పిల్లల సంపాదన, ఎవరూ రాని ఇళ్ల పిల్లల కంటే 25 శాతం ఎక్కువ. చక్కగా ఎదిగిన తోటివారిని వారు అందుకున్నారు. పోషకాహారం మాత్రమే అందుకున్నవారిలో అంతటి ఫలితం నిలవలేదు. కడుపు నింపడం తప్పనిసరే, కానీ అక్కడితో ఆగితే పని సగమే అయినట్టు.

కాబట్టి ప్రభుత్వాలు చేయాల్సింది స్పష్టంగానే ఉంది. పుట్టిన ప్రతి బిడ్డకూ వినికిడి, చూపు, జీవక్రియ లోపాల పరీక్షలు జరగాలి. అయోడిన్, ఇనుము లోపాలు మెదడును నేరుగా కుంగదీస్తాయి కాబట్టి గర్భిణులకూ పసివారికీ ఆ పోషకాలు అందాలి. కాన్పు తర్వాత కుంగుబాటుకు లోనైన తల్లి బిడ్డ పిలుపుకు పలకలేదు. ఆమెకు చికిత్స అంటే బిడ్డకూ చికిత్సే. జీతంతో కూడిన సెలవు తల్లితో పాటు తండ్రికీ ఉండాలి, ఎందుకంటే మెదడు ఎదగడానికి కావలసిన పలకరింపు ఏ గొంతుదైనా కావచ్చు. టీకాలకు వచ్చే తల్లిదండ్రులకు అదే గదిలో పావుగంట ఆట చూపడానికి కొత్త భవనాలేమీ అక్కర్లేదు, శిక్షణ పొందిన మనిషి చాలు.

ఆ మనిషి విషయంలోనే ఇన్నాళ్లూ మోసం జరుగుతోంది. పసివారిని చూసుకునే పనిని నైపుణ్యం అక్కర్లేని పనిగా లెక్కగట్టి, అతి తక్కువ జీతమిచ్చి, సర్వేలు, రిజిస్టర్లు, ఇతర శాఖల పనులన్నీ వారి నెత్తినే రుద్దడం చాలాచోట్ల అలవాటైపోయింది. జమైకాలో ఫలితం ఇచ్చింది బొమ్మలు కావు, ప్రతి వారం అదే ఇంటికి వచ్చి, ఆ బిడ్డను పేరుతో పిలిచి, పని నేర్చి చేసిన కార్యకర్త. ఒక్కో కార్యకర్త ఎన్ని ఇళ్లు చూడగలరో ముందు తేల్చాలి. ఆ లెక్కకు తగిన నియామకాలకు, ఉపాధ్యాయులకు దీటైన వేతనానికి రాబోయే బడ్జెట్‌లోనే నిధులు చూపాలి.