మెలకువోడు కావలెను

కలలంక అని ఒక దీవి ఉంది. మ్యాప్‌లో వెతక్కండి, దొరకదు, నేను కల్పించిందే. లేనివాటి గురించి మన వైజాగ్‌లో ఏళ్ళ తరబడి మాట్లాడుకుంటూనే ఉన్నాం కాబట్టి ఇంకొకటి చేరితే నష్టమేమీ లేదు.

ఆ దీవిలో ఏడాదికోసారి ఉమ్మడి కల పండగ జరుగుతుంది. అమావాస్య రాత్రి ఊరంతా ఒకే సావిట్లో చాపలేసుకుని, తలలన్నీ మధ్యకి, కాళ్ళన్నీ గోడకి పెట్టి పడుకుంటారు. పడుకోబోయే ముందు తలా ఒక గిన్నెడు చోడి అంబలి, అందులోనూ ఉప్పు తక్కువ, ఎందుకంటే దాహమేసి ఎవరైనా మధ్యలో లేస్తే కల చిరిగిపోతుందట. తెల్లారాక పళ్ళు తోమకముందే ఎవరికి కనబడిన ముక్క వాళ్ళు చెప్పాలి. ఒకడు పడవ చూస్తాడు, ఒకడు తెడ్డు చూస్తాడు, ఒక ముసలమ్మకి పడవలో కూర్చున్న మేక తప్ప ఏమీ కనబడదు, అన్నీ కలిపి కుడితే కల. ఆ తర్వాత అసలు రూల్ వస్తుంది: మళ్ళీ పండగలోగా ఆ పడవ కట్టెయ్యాలి. కట్టలేదా, కల రద్దు, ఇంకోసారి దాని పేరెత్తినవాడికి అంబలి బంద్.

ఇంకో మనిషి ఉంటాడు, వాణ్ణి మెలకువోడు అంటారు. ఆ రాత్రి దీవి మొత్తానికి నిద్రపోనిది వాడొక్కడే. కోడి కూసేసరికి గుండిగ మీద గరిటెతో బాది అందర్నీ లేపడం వాడి డ్యూటీ, ‘ఇంకో అయిదు నిమిషాలు’ అన్నవాడి మొహాన చెంబెడు నీళ్ళు.

ఈ ఆచారాన్ని విశాఖపట్నంలో అర్జెంటుగా ప్రవేశపెట్టాలని నా ప్రతిపాదన. సగం పని ఎలాగూ అయిపోయింది. గుళ్ళో నిద్ర చెయ్యడం, పెళ్ళయ్యాక మూడు నిద్రలు, నిద్రని శాస్త్రం ప్రకారం పోవడం మనకి కొత్తేం కాదు, ఇక ఉమ్మడిగా కలగనడంలో అయితే మనల్ని కొట్టేవాళ్ళే లేరు. 2014 విభజన చట్టంలో రైల్వే జోన్, మెట్రో రెండూ ‘పరిశీలించాలి’ అని రాశారు, అంతే, గాజువాక నుంచి మధురవాడ దాకా అందరం ఒకేసారి కళ్ళు మూసుకున్నాం. జోన్‌ని 2019 ఫిబ్రవరిలో ప్రకటించారు, హెడ్డాఫీసుకి శంకుస్థాపన 2025 జనవరిలో చేశారు. భోగాపురం ఎయిర్‌పోర్టుకైతే 2019లో ఒక ముఖ్యమంత్రి శంకుస్థాపన చేశారు, 2023లో ఇంకో ముఖ్యమంత్రి మళ్ళీ చేశారు, ఒకే కలకి రెండు కొబ్బరికాయలు! కలలంక పెద్దలకి ఈ ముక్క తెలిస్తే అంబలి గిన్నె కింద పెట్టేసి మన దగ్గర ట్రైనింగ్‌కి వస్తారు. 2019 డిసెంబర్లో రాజధాని అన్నారు, ఆ రాత్రి మాత్రం ఎవరికీ నిద్ర పట్టలేదు లెండి, అందరూ తెల్లార్లూ గజాల లెక్కలు వేసుకుంటూ కూర్చున్నారు.

త్వరగా నిజమైన కలలు కూడా లేకపోలేదు. ఆర్కే బీచ్‌లో నీళ్ళ మీద తేలే వంతెన 2024 ఫిబ్రవరి 25న ఓపెన్ చేశారు, మర్నాడే దాని చివరి ముక్క విడిపోయి సముద్రంలో విడిగా తేలింది. టెస్టింగ్ కోసం మేమే కావాలని విడదీశామని అధికారులు చెప్పారు. మురీ మిక్చర్ తింటూ చూస్తున్న జనం కూడా నమ్మినట్టే తలూపారు, ఉమ్మడి కల అంటే ఇదే కదా మరి, ముక్క ఎటు పోయినా అందరికీ వంతెనే కనబడాలి.

ఉక్కు ఫ్యాక్టరీ సంగతి వేరు, దాన్ని ఇందులో కలపను. 1966లో జనం దాన్ని పడుకుని కనలేదు, రోడ్డెక్కి కన్నారు, ప్రాణాలు పోయాయి. పక్కన పెడదాం.

మన దగ్గర పండగ ఎలా ఉంటుందో కూడా ఆలోచించా. సావిడి బదులు బీచ్ రోడ్డు. తలలు మధ్యకి పెట్టే ప్లేస్‌లో వీఐపీ పాసులు, మిగతా వాళ్ళం కాళ్ళ వైపు. కల రాకముందే ‘మీ కలకి శుభాకాంక్షలు’ అని ఫ్లెక్సీలు. ఉక్కపోతకి ఎవరికీ నిద్ర పట్టదు, దోమలు సరేసరి, అయినా పొద్దున్నే మైకు పట్టుకుని అందరూ ఒకే కల చెప్తారు, ముందురోజే వాట్సాప్‌లో వచ్చేసి ఉంటుంది కాబట్టి.

వచ్చిన చిక్కల్లా మెలకువోడితోనే. మా అపార్ట్‌మెంట్ అసోసియేషన్ మీటింగ్‌లో పెట్టి చూశా. ప్రెసిడెంట్ గారికి బీపీ, నిద్ర ఆగకూడదట. సెక్రటరీ గారు ‘కమిటీ వేద్దామండీ’ అన్నారు. ట్రెజరర్ గారు గుండిగకి కొటేషన్లు తెప్పించమన్నారు, మూడు కొటేషన్లు లేందే చెక్కు మీద సంతకం పెట్టరట. చివరికి రాత్రంతా మేలుకునే ఉద్యోగం కదా అని కిందకి దిగి మా వాచ్‌మన్‌ని అడిగా, జీతం కూడా వేసిస్తామని చెప్పా. ఆయన కుర్చీలోంచి లేచి, కండువా భుజాన సర్దుకుని, చుట్టూ ఓసారి చూసి గొంతు తగ్గించి అన్నాడు: “ఏటి బాబూ, అందర్నీ లేపేస్తే ఎలాగండీ? ఆనందపురం అవతల మాకూ ఓ యాభై గజాలుందండి, ఇంకా రేటు రాలేదు.”