అప్పటికి డిస్నీకి పన్నెండేళ్లు

నిన్న సాయంత్రం మా అపార్ట్‌మెంట్ సెల్లార్‌లో పిల్లలకి క్విజ్ పెట్టారు. ‘కార్టూన్ సినిమాలు మొదలుపెట్టింది ఎవరు?’ అని అడిగారు. మా మనవరాలు ఎగిరి చెయ్యెత్తింది. ‘విన్సర్ మెకే’ అంది. అడిగినాయన చేతిలో కాగితం చూసుకుని, ‘కాదమ్మా, వాల్ట్ డిస్నీ. నెక్స్ట్’ అన్నారు. అర నిమిషం కూడా పట్టలేదు. పిల్ల వెనక్కి తిరిగి నా వైపు చూసిన చూపు మాత్రం రాత్రంతా నన్ను నిద్రపోనివ్వలేదు. ఇంటికొచ్చి చెప్పులు విప్పుతూనే అడిగింది, ‘అమ్మమ్మా, నువ్వు నాకు తప్పు చెప్పావా?’ అని.

తప్పు చెప్పలేదు తల్లీ. అక్కడ పదిమందిలో లేచి ఆ మాట గట్టిగా అనలేకపోయాను, ఇక్కడ అంటున్నాను.

1914 ఫిబ్రవరిలో షికాగోలోని ప్యాలెస్ థియేటర్‌లో అమెరికన్ కార్టూనిస్టు విన్సర్ మెకే చేతిలో కొరడా పట్టుకుని తెర పక్కన నిలబడ్డారు. తెర మీద గుహలోంచి ఒక డైనోసార్ తల బయటపెట్టింది. దాని పేరు గెర్టీ. దండం పెట్టమంటే వంగింది. కాలెత్తమంటే ఎత్తింది. గదమాయిస్తే ఏడ్చింది. ఆయన ఆపిల్ విసిరినట్టు చేస్తే అది తెరలో నోటితో అందుకుంది. చివర్లో ఆయన తెర వెనక్కి నడిచి వెళ్లారు, వెంటనే తెర మీద బొమ్మ మెకే వచ్చి గెర్టీ మీదెక్కి వెళ్లిపోయాడు. అప్పటికి డిస్నీకి పన్నెండేళ్లు! మిక్కీ మౌస్ తెర మీదకి రావడానికి ఇంకా పద్నాలుగేళ్లుంది.

ఇక్కడ కొందరు కామెంట్లలోకి వస్తారని నాకు తెలుసు. అవును, మెకేకి ముందు కూడా బొమ్మల్ని కదిలించినవాళ్లున్నారు. అమెరికాలో బ్లాక్‌టన్ 1906లో, ఫ్రాన్స్‌లో ఎమిల్ కోల్ 1908లో చేశారు. మా పిల్ల చెప్పిన జవాబు మీద వాదించండి, కూర్చుని వింటాను. ఆ కాగితం మీదున్న జవాబుకి మాత్రం వాదనే లేదు, అది తప్పు. పైగా గెర్టీది ఉత్త కదలిక కాదు. దానికి అలక ఉంది, ఆకలుంది, మొండితనం ఉంది. చెప్పిన మాట వినాలా వద్దా అని ఆలోచిస్తున్నట్టు అది తలూపుతుంటే మనం బొమ్మని చూస్తున్నామని మర్చిపోతాం.

అది ఎలా చేశారో తెలుసా? దాదాపు 10,000 బొమ్మలు, పల్చటి కాగితం మీద ఒక్కొక్కటీ ఇంకుతో. పారదర్శకమైన షీట్లు ఇంకా వాడుకలోకి రాలేదు కాబట్టి కదలని కొండల్ని కూడా ప్రతి కాగితం మీదా మళ్లీ గీయాలి. ఆ పనికి పక్కింటి కుర్రాడు జాన్ ఫిట్జ్‌సిమన్స్‌ని పెట్టుకున్నారు. ఇప్పుడు ఆ సినిమా పెట్టి చూడండి, వెనకాల రాళ్ల గీతలు సన్నగా వణుకుతూ కనిపిస్తాయి. దాన్ని లోపం అనకండి. ఆ రాయిని వేల సార్లు గీసిన మనిషి చెయ్యి అది. గెర్టీ ఊపిరి తీస్తే పొట్ట ఎంతసేపు ఉబ్బాలో తేల్చుకోవడానికి మెకే తన ఊపిరినే టైమ్ చూసుకుని లెక్కపెట్టుకున్నారు. మా మనవరాలు ఫోన్‌లో ఆ పొట్టని వేలితో తాకి ‘ఇది నిజంగానే గాలి పీలుస్తోంది’ అంది. ఏడేళ్ల పిల్లకి తెలిసింది.

అసలు ఆయన సినిమా మనిషి కూడా కాదు, పేపర్ మనిషి. సిన్సినాటిలో వింతల మ్యూజియానికి పోస్టర్లు గీస్తూ, పేపర్లకి బొమ్మలేస్తూ పైకొచ్చారు. 1903లో న్యూయార్క్ వచ్చి హెరాల్డ్ అనే పత్రికలో చేరారు. 1905 అక్టోబరు 15న అందులో ‘లిటిల్ నీమో ఇన్ స్లంబర్‌ల్యాండ్’ అనే బొమ్మల కథ మొదలైంది. ఆదివారం పేపర్లో ఒక పేజీ నిండా, రంగుల్లో. నీమో అనే పిల్లాడు నిద్రలో కలలోకి వెళ్తాడు, ఆఖరి గడిలో మెలకువ వచ్చేస్తుంది. ప్రతి వారం కథ అంతే. కానీ 1908 జులైలో వచ్చిన ఒక పేజీలో పిల్లాడి మంచం కాళ్లు పొడుగ్గా సాగిపోయి, ఊరి మేడల మీదుగా మంచం నడుచుకుంటూ పోతుంది. మంచం కాళ్లు పెరిగేకొద్దీ గడులు కూడా నిలువుగా పెరుగుతాయి. గడి అంటే బొమ్మ చుట్టూ గీసే గీత మాత్రమే అనుకునే రోజుల్లో గడినే కథలో పాత్ర చేశారు. ఇవాళ కంప్యూటర్ ముందు కూర్చుని అలాంటి పేజీ వెయ్యమనండి, ఎంతమంది వేస్తారో చూద్దాం.

ఆ నీమో రూపానికి తన కొడుకు రాబర్టే మోడల్. కన్నకొడుకు ముఖం పెట్టి గీసిన బొమ్మ. అయినా 1911లో ఆయన హెరాల్డ్ వదిలి, ఎన్నో పత్రికల యజమాని హర్స్ట్ దగ్గరికి వెళ్తుంటే ఆ కథ మీద హక్కు మాదే అంది హెరాల్డ్. మెకే కోర్టుకి వెళ్లి, పాత్రల్ని వాడుకునే హక్కు గెలుచుకున్నారు. పేరు మాత్రం వదులుకోవాల్సి వచ్చింది. కొత్త చోట ఆ కథ ‘ఇన్ ద ల్యాండ్ ఆఫ్ వండర్‌ఫుల్ డ్రీమ్స్’ అనే పేరుతో వచ్చింది.

నీమో అంటే లాటిన్‌లో ‘ఎవరూ కాదు’ అని అర్థం. ఇది చదివిన ప్రతిసారీ నాకు గుండెల్లో కలుక్కుమంటుంది.

ఎందుకో చెప్తాను. నేను పదకొండేళ్లు ఒక వారపత్రికలో పిల్లల పేజీకి బొమ్మల కథ వేశాను. రెండు జడలు, రిబ్బన్లు, అల్లరి. మా చిన్న చెల్లెలే ఆ పిల్ల. దానికి బడికెళ్లే దారిలోనే ఎడమ జడ రిబ్బను ఊడిపోయేది, అందుకే నేను ఎప్పుడు గీసినా ఎడమ రిబ్బను వేలాడుతూనే ఉండేది. పారితోషికం కాస్త పెంచమని అడిగితే కుదరదన్నారు. సరే అని మానేశాను. నెల తిరక్కుండా బడ్డీ కొట్టులో తీగకి వేలాడుతున్న పత్రిక తీసి చూస్తే నా పిల్ల అందులో ఉంది. అదే పేరు, అదే గౌను. కింద ఇంకెవరిదో సంతకం. రెండు రిబ్బన్లూ చక్కగా ముడేసి ఉన్నాయి. కొట్టతను ‘అమ్మా, తీసుకుంటారా?’ అంటే నా నోట మాట రాలేదు. ఆఫీసుకి ఫోన్ చేస్తే ‘పాత్ర పత్రికది మేడమ్, మీరు వేసినంత మాత్రాన మీది కాదు కదా’ అన్నారు. హెరాల్డ్‌కి నీమోని కొనసాగించే మనిషి దొరకలేదట. నా పిల్లకి మాత్రం దొరికాడు.

అడగడం తెలిసినవాళ్లు అడిగారు, ఒప్పుకుంటాను. 1907లో బడ్ ఫిషర్ అనే కుర్రాడు శాన్‌ఫ్రాన్సిస్కోలో ఒక పేపర్ మారుతూ, తన బొమ్మల కథ మూల కాపీరైట్ తన పేరు మీద రాసేసుకున్నాడు. ‘మట్ అండ్ జెఫ్’ అనే ఆ కథ అతనిదే అయింది, కోర్టు కూడా అవునంది, కోటీశ్వరుడయ్యాడు. కానీ అందరికీ ఆ తెలివి ఆ క్షణంలో రాదు. బొమ్మ వేసేటప్పుడు బొమ్మే కనిపిస్తుంది. అది రానివాళ్ల సొమ్ము మొత్తం పత్రికవాళ్లు ఉంచేసుకోవచ్చని ఎక్కడైనా రాసుందా?

మెకేకి జరిగింది ఇంకా ఘోరం. గెర్టీతో థియేటర్లు నిండుతుంటే హర్స్ట్‌కి నచ్చలేదు. జీతం ఇచ్చేది పేపర్ పనికి, స్టేజీ మీద తిరగడానికి కాదన్నారు. ప్రదర్శనలు తగ్గించేశారు. ఆదివారం బొమ్మల కథ ఆపేయించి, సంపాదకీయాల పక్కన గంభీరమైన బొమ్మలు గీయమన్నారు. సంపాదకుడు ఏ అభిప్రాయం రాస్తే దానికి తగ్గ బొమ్మ. మంచానికి నడక నేర్పిన చేత్తో ఇరవై ఏళ్ల దాకా, మధ్యలో కొద్దికాలం తప్ప, ఎక్కువగా గీయించింది అదే పని. పులిని తెచ్చి గానుగకి కట్టడమంటే ఇదే.

1915 మే 7న జర్మన్ జలాంతర్గామి లూసిటానియా ఓడని ముంచేసింది, 1,198 మంది పోయారు. హర్స్ట్ పత్రికలు అమెరికా యుద్ధంలోకి దిగకూడదని రాస్తున్నాయి, మెకే పగలు ఆ రాతలకే బొమ్మలెయ్యాలి. మిగిలిన టైమ్‌లో సొంత డబ్బుతో దాదాపు రెండేళ్లు కూర్చుని ఆ ఓడ మునగడాన్ని 25,000 బొమ్మల్లో గీశారు. 1918లో విడుదలైంది. చివర్లో ఒక తల్లి నీళ్లలో మునిగిపోతూ బిడ్డని చేతులతో పైకి ఎత్తిపట్టుకుంటుంది. తన మనసులో మాట చెప్పడానికి ఆ మనిషికి మిగిలిన దారి అదొక్కటే. పగలు యజమాని మాట, రాత్రి తన మాట. ఈ దేశంలో ఉద్యోగం చేసే ప్రతి ఆర్టిస్టుకీ ఆ రాత్రి తెలుసు.

మధ్యలో ఇంకో సంగతి. ఆయన తన పద్ధతుల మీద పేటెంట్ తీసుకోలేదు. బ్రే అనే మనిషి విలేఖరినని చెప్పి వస్తే అన్నీ విప్పి చూపించారు. అతను వెళ్లి ఆ పద్ధతులకే పేటెంట్ రాయించుకుని, తిరిగి మెకే మీదే కేసు పెట్టాడు. ఓడిపోయాడనుకోండి. అయినా ఇంటికి పిలిచి కాఫీ ఇచ్చి పని నేర్పితే ఆ చెయ్యే మన మీదకి వస్తుందని నాకు ఒకటికి రెండుసార్లు అనుభవమైంది. రెండోసారి జరిగింది ఇక్కడ రాస్తే చుట్టరికాలు పోతాయి.

1934 జులై 26న మెకే పోయారు. 1955లో డిస్నీ తన టీవీ కార్యక్రమంలో గెర్టీ ప్రదర్శనని మళ్లీ కట్టి చూపించారు. దానికి సలహాలిచ్చింది కొడుకు రాబర్ట్. తన స్టూడియోని కిటికీలోంచి చూపించి, ఇదంతా మీ నాన్నగారిది కావాల్సింది అని డిస్నీయే రాబర్ట్‌తో అన్నారని చెప్పుకుంటారు. తన కంటే ముందు ఎవరున్నారో డిస్నీకి తెలుసు, టీవీలో దేశం మొత్తానికీ చూపించారు కూడా. మా సెల్లార్‌లో కాగితం పట్టుకున్నాయనకి మాత్రం తెలియదు. తెలియకపోవడం తప్పు కాదు. చెయ్యెత్తి చెప్పిన పిల్లని ‘నీకెలా తెలుసమ్మా?’ అని ఒక్క మాట అడగకుండా ‘నెక్స్ట్’ అనేయడం తప్పు.

శనివారం రెండో రౌండ్ ఉందట. మనవరాలు రానంటోంది. నేను మాత్రం వెళ్తున్నాను. గెర్టీని ఫోన్‌లో డౌన్‌లోడ్ చేసి పెట్టుకున్నాను. మొత్తం చూసినా పావుగంట పట్టదు. ఆయన్ని పక్కన కూర్చోబెట్టి, ఆ పొట్ట ఊపిరి తీసుకునే చోట ఆపి చూపిస్తాను.