ఫైబర్ పడవ మీద వేసిన నింద: 1979 ఫాస్ట్‌నెట్‌లో అసలు జరిగిందేమిటి?

తెరచాప పడవల మీద ఆసక్తి ఉన్నవాళ్ల ఫోన్లలో ఈ మధ్య ఒక సందేశం బాగా తిరుగుతోంది. నాకే నలుగురు పంపారు. అందులో ఉన్నది ఇదీ: "1979 ఫాస్ట్‌నెట్ రేసులో 15 మందిని చంపింది చిన్న ఫైబర్‌గ్లాస్ పడవలే. ఫైబర్ అంటే ప్లాస్టిక్, పెద్ద అల కొడితే పగిలిపోతుంది. ముప్పై అడుగుల పడవ సముద్రానికి పనికిరాదు. పందేనికీ ప్రయాణానికీ కలిపి చేసిన పడవ రెంటికీ చెడ్డ రేవడి."

15 మంది పోటీదారులు పోయిన మాట నిజం. దానికి చెప్పిన కారణాలే తప్పు. ఊరుకుందామనుకున్నాను గానీ, ఇది నమ్మినవాళ్లు ఏ పడవను నమ్మాలో, దాన్ని ఎప్పుడు వదలాలో తప్పుగా నేర్చుకుంటారు. సముద్రం మీద ఆ తప్పు ప్రాణం మీదికి వస్తుంది.

ముందు జరిగింది చెబుతాను. ఆ ఏడు ఆగస్టు 11న ఇంగ్లండు దక్షిణాన ఉన్న కౌస్ నుంచి 303 పడవలు బయల్దేరాయి. ఐర్లండు దక్షిణ కొసన ఉన్న ఫాస్ట్‌నెట్ రాతిని చుట్టి ప్లిమత్ చేరాలి. సుమారు 600 మైళ్ల దారి. 13 రాత్రి విరుచుకుపడ్డ తుపాను 14న కూడా వదల్లేదు. చివరిదాకా వెళ్లినవి 85. మనుషులు వదిలేసి వెళ్లిన పడవలు 24, మునిగినవి 5.

ఇక "ఫైబర్ పగిలిపోతుంది" అన్న మాట. వదిలేసిన 24లో 19 తర్వాత తేలుతూ దొరికాయి. ఆ పందెంలో ఎక్కువ భాగం ఫైబర్‌గ్లాస్ పడవలే. అల దెబ్బకు ఒళ్లు పగిలే సరుకే అయితే, మనిషి లేకుండా, పట్టించుకునేవాడు లేకుండా ఆ తుపానులో అన్ని పడవలు తేలేవా? విరిగినవి వేరే ఉన్నాయి. అప్పట్లో కొత్తగా వచ్చిన కార్బన్ ఫైబర్‌తో చేసిన చుక్కానులు కొన్ని పడవల్లో విరిగాయి. పేరులో ఫైబర్ ఉందని రెండింటినీ ఒకే గాటన కట్టకూడదు.

ఈ సరుకు మనకు తెలియనిదేమీ కాదు. మన తీరంలో చాలాచోట్ల తెప్పల స్థానంలోకి వచ్చినవి ఫైబర్ బోట్లే. ఒడ్డున బోటుకు అతుకు వేస్తుంటే దగ్గర కూర్చుని చూడండి. గాజు మ్యాట్ ముక్క తెల్లగా, దూది పరిచినట్టు ఉంటుంది. దాని మీద బ్రష్షుతో రెసిన్, అంటే ఆరాక గట్టిపడే జిగురు, అద్దుతుంటే ఆ తెలుపు మెల్లగా మాయమై కింది పొర కనిపిస్తుంది. ఎక్కడైనా తెల్లమచ్చ మిగిలితే అక్కడ గాలి చిక్కుకుందన్నమాట. రోలరుతో దాన్ని అంచుదాకా తోసెయ్యాలి. పడవ బలమంతా ఆ ఓపికలో ఉంది. గాజు పోగులు లాగుడుకు ఓర్చుకుంటాయి, రెసిన్ వాటిని కదలకుండా పట్టి ఉంచుతుంది. ఆటబొమ్మల ప్లాస్టిక్‌తో దీన్ని పోల్చడం అన్యాయం. లోపం లేదనను. ఏళ్ల తరబడి నీళ్లలో ఉంటే పైపొర కింద బొబ్బలు లేస్తాయి. చెక్కి, ఆరబెట్టి, మళ్లీ పూత వెయ్యాలి. ఖర్చు, శ్రమ రెండూ ఉన్నాయి. అంతమాత్రాన పడవ ఒక్క రాత్రిలో పగలదు.

చిన్న పడవ సంగతికి వస్తాను. అసలు విషయం ఇక్కడే ఉంది. ఆ రాత్రి చిన్న పడవలకే ఎక్కువ దెబ్బ తగిలింది, ఒప్పుకుంటాను. అన్నిటికన్నా చిన్న తరగతిలో పందెం పూర్తిచేసిన పడవ ఒక్కటే. దాని పేరు అసెంట్. అది 32 అడుగుల ఫైబర్‌గ్లాస్ పడవ, కాంటెస్సా 32. డేవిడ్ సాడ్లర్ గీసిన నమూనాను లిమింగ్టన్‌లో జెరెమీ రోజర్స్ కట్టాడు. 1970ల మొదట్లో వచ్చిన రకం. అంతే పొడవున్న మిగతావి ఆగిపోతే ఇది ఎలా వెళ్లింది?

తంజావూరు బొమ్మను గుర్తుచేసుకోండి. ఎంత వంచినా లేచి నిలబడుతుంది, బరువంతా అడుగున ఉంటుంది కాబట్టి. కాంటెస్సా 32 మొత్తం బరువు సుమారు 4,300 కిలోలైతే అందులో 2,000 కిలోలకు పైగా అడుగున కీల్‌లోనే, అంటే పడవ కింద నీళ్లలోకి దిగి ఉండే బరువైన రెక్కలోనే. వెడల్పు 9 అడుగుల 6 అంగుళాలే. అదే కాలంలో, వేర్వేరు కొలతల పడవలు కలిసి పోటీపడేలా లెక్కగట్టే ఐఓఆర్ అనే రేటింగు నియమం పందెపు పడవలను వెడల్పుగా, తేలికగా తయారయ్యేలా నెట్టింది. వెడల్పాటి పీటను నీళ్లలో వేస్తే నిటారుగా స్థిరంగానే ఉంటుంది, తిరగబడితే అలాగే తిరగబడి ఉండిపోతుంది.

ప్రమాదం తర్వాత జరిగిన విచారణలో రెండు పడవల లెక్క కట్టారు. కాంటెస్సా 32 సుమారు 155 డిగ్రీల దాకా ఒరిగినా తనంతట తాను లేస్తుంది. ఆ పందెంలోనే బోల్తాపడిన 30 అడుగుల గ్రిమాల్కిన్‌కు ఆ హద్దు సుమారు 117 డిగ్రీలు. అంటే తలకిందులైన కాంటెస్సాను ఇటో అటో 25 డిగ్రీలు కదిపితే చాలు, తిరిగి లేస్తుంది. తర్వాతి అల ఆ పని చేసిపెడుతుంది. గ్రిమాల్కిన్‌ను 63 డిగ్రీలు కదపాలి. రెండూ ఫైబర్‌గ్లాసే, పొడవులో తేడా రెండడుగులే. బరువు ఎక్కడ పెట్టారు, ఒళ్లు ఎంత వెడల్పు చేశారు అన్నదే తేడా. కాంటెస్సా బోల్తాపడదని నేననను. పెద్ద అల పక్కనుంచి కొడితే ఏ చిన్న పడవైనా పడుతుంది. పడ్డాక లేస్తుందా అని అడగాలి.

రేవడి మాట నాకు మరీ బాధ కలిగించింది. 1972లో లండన్ బోట్ షోలో మేటి పడవగా ఎంపికైన రకం కాంటెస్సా 32. ఏడు వందలకు పైగా తయారయ్యాయి. కౌస్‌లో ఏటా జరిగే పడవ పందేల వారోత్సవంలో తమ సొంత తరగతిలో పోటీపడే పడవలివి. ప్రయాణం మాటకొస్తే, అసెంట్ సొంతదారు విల్లీ కెర్ అదే పడవలో గ్రీన్‌లాండ్‌కూ అంటార్కిటికాకూ వెళ్లొచ్చాడు. లోపల ఇరుకు, డెక్కు నీటికి దగ్గరగా ఉండి తడుస్తుంది, నిజమే. ఇరుకు చూసి వద్దనుకుంటే అది కొనేవాడి ఇష్టం. రెంటికీ చెడ్డదని మాత్రం అనకూడదు.

ఆ సందేశంలో లేని సంగతి ఒకటుంది. అదే అందరికీ పంపాల్సింది. చనిపోయిన 15 మందిలో ఏడుగురి మరణాలు లైఫ్ రాఫ్టులతో ముడిపడినవి. పడవలో ఇక లాభం లేదనుకుని గాలితో ఉబ్బే రబ్బరు తెప్పలోకి దిగారు. ఆ అలల్లో కొన్ని తెప్పలు తిరగబడ్డాయి, కొన్ని చిరిగాయి. ఆ ఏడుగురూ వదిలిపెట్టిన పడవలు తర్వాత తేలుతూనే దొరికాయి. వాటిని తాళ్లు కట్టి రేవుకు లాక్కొచ్చారు.