‘వచ్చు’ గారికి విన్నపం

మహారాజశ్రీ ‘వచ్చు’ గారికి,

నమస్కరించి వ్రాయునది. ఇక్కడ మేమంతా క్షేమం. తమరి క్షేమం వేరే అడగక్కర్లేదు. 2007లో ముసలివాళ్ల కోసం చేసిన కేంద్ర చట్టంలోకి ఎక్కి కూర్చున్నారు, ఇప్పటిదాకా ఎవరూ కదిలించలేదు.

తమరు నాకు పరిచయమైంది మా పెద్దమ్మ వల్ల. ఆవిడకి 78 ఏళ్లు. పెదనాన్న పోయాక తెనాలిలో ఒక్కతే ఉండేది. ఒక్కగానొక్క కొడుకు డల్లాస్‌లో. మోకాళ్లు మొరాయించాక, హైదరాబాద్ శివార్లలో ఏదైనా మంచి వృద్ధుల హోమ్ చూడమని అన్నయ్య నాకు పురమాయించాడు. డబ్బు తను పంపుతాడు, తిరగడం నేను తిరగాలి. తిరగబోయే ముందు అసలు ఈ హోమ్‌లకి రూల్స్ ఏమున్నాయో చూద్దామని కూర్చున్నా. అక్కడ తగిలారు తమరు.

తల్లిదండ్రులు, వయోవృద్ధుల పోషణ, సంక్షేమ చట్టం, 19వ సెక్షన్. నిరుపేద వృద్ధుల కోసం జిల్లాకు కనీసం ఒక హోమ్, ఒక్కోదానిలో కనీసం 150 మందికి చోటు. చదువుతుంటే కడుపు నిండిపోయింది. తెలంగాణకి 33 జిల్లాలు, అంటే 4,950 మంచాలు అని లెక్క కూడా కట్టేశా. అప్పుడు చూశా వాక్యం కొసన తమరిని. రాష్ట్ర ప్రభుత్వం స్థాపించ‘వచ్చు’. అదీ దశలవారీగా. అదీ అవసరమని తనకు తోచినన్ని. ఇంగ్లీషు ప్రతిలో తమరి పేరు ‘మే’. మాకు ఆ పేరుతో తెలిసింది రోహిణి కార్తె ఎండలే, రెండూ ముసలివాళ్ల ప్రాణం మీదకే వస్తాయని అప్పుడే తెలిసింది.

అదే చట్టంలో నాలుగో సెక్షన్ దగ్గర, పిల్లలు కన్నవాళ్లని పోషించడం గురించి చెప్పేచోట తమరు కనబడరు. అక్కడ బాధ్యత అనేసి ఊరుకున్నారు. వదిలేస్తే మూడు నెలల దాకా జైలు, లేదా 5,000 దాకా జరిమానా, లేదా రెండూ. ఆర్డీవో గారి దగ్గర ట్రిబ్యునల్‌లో కేసు వేసుకుంటే భరణం ఇప్పిస్తారు గానీ, నెలకు 10,000 మించకూడదట. ఆ అంకె కూడా 2007 నాటిదే. ఆ ఏడు పుట్టిన పిల్లలు ఓటు వేస్తున్నారు, అది మాత్రం అలాగే ఉంది.

తమరంటే నాకు కోపం లేదండీ. తెలుగులో తమరంత మంచి మాట ఇంకోటి లేదు. మా పెద్దమ్మకి కాకరకాయ కారం వచ్చు, ఊలు అల్లిక వచ్చు, భాగవతంలో గజేంద్రమోక్షం మొత్తం నోటికి వచ్చు. అక్కడ ‘వచ్చు’ అంటే అడిగితే చేసి చూపిస్తుంది అని. ప్రభుత్వం నోట్లో పడ్డాకే తమరికి ఈ గతి పట్టింది.

సరే, చట్టం పని అయ్యాక హోమ్ చూడ్డానికి వెళ్లాం. గేటు దగ్గర పూలకుండీలు, లాబీలో ఫిల్టర్ కాఫీ, గోడ మీద నవ్వుతున్న తాతగారి పోస్టర్. నెలకు 32,000, డిపాజిట్ 3 లక్షలు. నచ్చుతుందో లేదో చూసుకోమని వారం రోజులు ట్రయల్ స్టే ఇచ్చారు. దానికి అగ్రిమెంటు, మొత్తం 21 షరతులు. అక్కడా తమరే! యాజమాన్యం ఫీజు పెంచవచ్చు. గది మార్చవచ్చు. మెనూ మార్చవచ్చు. నర్సు అందుబాటులో ఉండవచ్చు. మా వంతు వచ్చేసరికి మాత్రం అంతా ‘వలెను’. ఐదో తేదీలోపు చెల్లించవలెను, కబురందిన 24 గంటల్లో కుటుంబసభ్యులు హాజరు కావలెను. అన్నయ్య డల్లాస్ నుంచి 24 గంటల్లో ఎలా హాజరవుతాడో, తమరి తమ్ముడు ‘వలెను’ గారినే అడగాలి.

నేను సంచిలో టేపు తీసుకెళ్లా. నిరుపేదల ఆశ్రమాల కోసం కేంద్రం రాసిన నమూనా రూల్స్‌లో పడకగది స్థలం మనిషికి 7.5 చదరపు మీటర్లు అని ఉంది, అంటే సుమారు 80 చదరపు అడుగులు. పుస్తకాలు, పేపరు, టీవీ ఉండాలని కూడా రాశారు. ఇద్దరికిచ్చే ఆ గది కొలిస్తే మనిషికి 62 చదరపు అడుగులు తేలింది. మేనేజర్ గారితో అంటే ఆయన నొచ్చుకున్నాడు. “మేడమ్, అవి బీదవాళ్ల హోమ్‌లకండీ. మాది ప్రీమియం.” ఆలోచిస్తే నిజమే. డబ్బు లేని ముసలివాళ్లకి రూల్ ఉంది, హోమ్ కట్టవచ్చు, కట్టకపోవచ్చు. డబ్బున్నవాళ్లకి హోమ్ ఉంది, ఆ రూల్ ఆ గేటు దాకా రాదు. ప్రైవేటు హోమ్‌లన్నీ రిజిస్టర్ చేయించాలని 2019లో లోక్‌సభలో ఒక సవరణ బిల్లు పెట్టారు. స్థాయీ సంఘానికి పంపారు, 2024లో ఆ లోక్‌సభతోపాటే అదీ పోయింది. వయసు అయిదేళ్లు నిండలేదు పాపం. అలాగని సర్కారుకి హోమ్‌ల సంగతి బొత్తిగా పట్టదని కాదు. ధర్మసంస్థ నడిపే హోమ్ అయితే, తిండీ గదీ అన్నీ కలిపి నెలకు 25,000 దాకా జీఎస్టీ లేదని రూపాయి తేడా లేకుండా రాసిపెట్టింది.

అన్నయ్యకి ఫోన్ చేసి ఇదంతా చెప్పా. టెక్సాస్‌లో ఇలా కుదరదట. బంధుత్వం లేని నలుగురిని పెట్టుకుని తిండి, సాయం అందిస్తే చాలు, రాష్ట్రం లైసెన్సు కావాల్సిందేనట. నిప్పంటుకుంటే తమంతట తాము బయటపడగలిగేవాళ్ల హోమ్‌లు ఒక రకం, సాయం కావాల్సినవాళ్లవి ఇంకో రకం. తనిఖీలో ఏ హోమ్‌లో ఏం తప్పు పట్టారో ఇంట్లో కూర్చుని ఆన్‌లైన్‌లో చూసుకోవచ్చట. విన్నారా, తమరు అక్కడా ఉన్నారు, కాకపోతే ముసలివాళ్ల పక్షాన. మనకూ నలుగురు కావాలి లెండి, అది వేరే పనికి.

ఇక అసలు విషయం. ట్రయల్ మూడో రోజు పొద్దున పెద్దమ్మ స్నానానికి వెళ్లింది. తడి నేల, కాలు జారబోయి గోడకున్న స్టీలు రాడ్డు పట్టుకుంది. రెండు స్క్రూలు, వాటి వెనక చెక్క బిరడాలు, బిరడాల వెనక ఇంత సున్నం, అన్నీ కలిసి చేతిలోకి వచ్చేశాయి. ఇన్నాళ్లలో నిజంగా వచ్చింది అదొక్కటే. దేవుడి దయవల్ల బకెట్టు మీద కూలబడింది, తుంటి దక్కింది. మేనేజర్ పరుగున వచ్చి, ముందు రాడ్డు చూసి, తర్వాత పెద్దమ్మని చూసి, “అది తువాలు ఆరేసుకోడానికండీ, పట్టుకోడానికి కాదు” అన్నాడు. పట్టుకునేది ఎక్కడుందని అడిగితే, పెట్టించవచ్చు అన్నాడు.

ఆ సాయంత్రమే ఆవిడని మా ఇంటికి తెచ్చేశా. ప్రస్తుతం హాల్లో దివాన్ మీద పడక. బాత్రూమ్‌లో పట్టుకోడానికి ఇనుప కడ్డీ బిగించాం, మేస్త్రీ వేలాడి చూపించి మరీ డబ్బులు తీసుకున్నాడు. నిన్న అన్నయ్య వీడియో కాల్‌లో ఉంటే, దసరాకి వస్తావా నాన్నా అని అడిగింది. లీవు చూడాలమ్మా, రావచ్చు అన్నాడు. సరే నాన్నా అని, ఫోన్ నా చేతికిచ్చి, కాకరకాయలు ఉన్నాయా అని అడిగింది.

ఇట్లు,
తమరి బాధితురాలు

తా.క.: మిగిలిన డిపాజిట్ తిరిగి ఇచ్చారు. ఊడిన రాడ్డు కింద 600 కోసుకున్నారు. అగ్రిమెంటు తిరగేసి చూశా. 17వ షరతు, ‘వసూలు చేయవచ్చు’.