వకీలు సొమ్ముతో నడిచిన పత్రిక: న్యాపతి సుబ్బారావు కాలం

తొలి భారతీయుడిగా ముత్తుస్వామి అయ్యర్ మద్రాసు హైకోర్టు న్యాయమూర్తి అయినప్పుడు ఆంగ్లేయుల పత్రికలు ఆ నియామకాన్ని ఎద్దేవా చేశాయి. దానికి జవాబు చెప్పాలనుకున్న ఆరుగురు యువకులు రూపాయి పన్నెండణాలు అప్పు చేసి, 1878 సెప్టెంబరు 20న 80 ప్రతులతో ‘ది హిందూ’ వారపత్రికను తెచ్చారు. వారిలో నలుగురు న్యాయశాస్త్ర విద్యార్థులు. చదువు ముగిశాక వారు తమ దారి చూసుకున్నారు. ఆ నలుగురిలో ఒకరైన న్యాపతి సుబ్బారావు పంతులు రాజమండ్రి చేరి వకీలుగా స్థిరపడ్డారు. ఆయన్ని తలచుకోవలసి వచ్చినప్పుడల్లా మనం ఈ ‘ది హిందూ’ ఘట్టం దగ్గరే ఆగిపోతాం. నా దృష్టిలో ఆయన జీవితంలో అసలు విశేషం ఆ తరువాతే మొదలవుతుంది.

నాటి గోదావరి జిల్లాలో కలెక్టరు కచేరీ కాకినాడలో ఉండేది, జిల్లా జడ్జి కోర్టు రాజమండ్రిలో ఉండేది. చిన్న విషయంగా కనిపించే ఈ ఏర్పాటు రాజమండ్రిని కచేరీ ఉద్యోగుల ఊరిగా కాక ప్లీడర్ల ఊరిగా, పంతుళ్ళ ఊరిగా మలచింది. ధవళేశ్వరం ఆనకట్ట వచ్చాక డెల్టాలో భూమి విలువ పెరిగింది, దానితో పాటే సరిహద్దు తగాదాలూ వారసత్వపు వ్యాజ్యాలూ పెరిగాయి. సర్కారు జీతం మీద కాకుండా కక్షిదారు ఇచ్చే ఫీజు మీద బతికే వకీలుకు దొరదయతో పనిలేదు. పైగా పగలంతా రైతు గోడును తెలుగులో విని, దాన్నే ఇంగ్లీషులో జడ్జి ముందు వాదించవలసిన వృత్తి కావడంతో, పాలకుల భాషకూ ప్రజల భాషకూ నడుమ దుబాసీతనం అతనికి అలవాటైపోయింది.

ఈ అలవాటే సుబ్బారావును పత్రికాధిపతిని చేసిందనిపిస్తుంది. మద్రాసులో ఇంగ్లీషు పత్రికతో మొదలైన మనిషి 1890ల తొలినాళ్ళలో రాజమండ్రి నుంచి ‘చింతామణి’ అనే తెలుగు మాసపత్రికకు యజమాని అయ్యారు. సంపాదకత్వం కందుకూరి వీరేశలింగానిది. వీరేశలింగం బడిపంతులుగా ఉంటూనే 1874 నుంచి ‘వివేకవర్ధని’ నడిపి, కోర్టుల్లోని లంచగొండితనాన్ని, కొందరు వకీళ్ళ అక్రమాలను కూడా ఎండగట్టినవారు. అటువంటి కలానికి ఒక వకీలే ఖర్చు పెట్టుకోవడంలో కొంత తమాషా లేకపోలేదు. ‘చింతామణి’ పెట్టిన నవలల పోటీల్లోనే చిలకమర్తి లక్ష్మీనరసింహం నవలాకారుడిగా వెలుగులోకి వచ్చారు. కొత్త ప్రక్రియ ఒకటి తెలుగులో కాళ్ళూనుకోవడానికి దావాల మీద వచ్చిన ఫీజు పరోక్షంగానైనా తోడ్పడిందన్న సంగతి సాహిత్య చరిత్రల్లో తగినంతగా కనబడదు.

రాజకీయాల్లోనూ ఆయనది కోర్టు పద్ధతే. రాజమండ్రి పురపాలక సంఘానికి అధ్యక్షత వహించి, 1893లో మద్రాసు శాసనమండలిలో అడుగుపెట్టారు. 1892 ఇండియన్ కౌన్సిల్స్ చట్టం ప్రకారం ఆ మండలి సభ్యులు ప్రశ్నలు అడగవచ్చు, బడ్జెటు మీద మాట్లాడవచ్చు, కానీ దానిపై ఓటు వేయలేరు. తీర్పు పరుల చేతిలో ఉన్నా వాదన మానని మనిషికి తగిన వేదిక అది. ఆంధ్రరాష్ట్రం కోరికను కూడా ఆయన తరం ఒక దావాలాగే నడిపింది. 1914లో విజయవాడలో జరిగిన రెండో ఆంధ్ర మహాసభకు సుబ్బారావు అధ్యక్షులు; ప్రత్యేక రాష్ట్రం కావాలన్న తీర్మానం అక్కడ నెగ్గింది. ఆపైన వ్యాజ్యం కాంగ్రెసు ముందుకు వెళ్ళింది. 1917 కలకత్తా కాంగ్రెసు సభలో అనిబిసెంటు అడ్డుచెప్పినా తిలక్ మద్దతు దొరికింది. ఫలితంగా 1918లో ఆంధ్రకు విడిగా రాష్ట్ర కాంగ్రెసు సంఘం ఏర్పడింది. దానికి సుబ్బారావు అధ్యక్షులు, కొండ వెంకటప్పయ్య కార్యదర్శి. బ్రిటిషు ప్రభుత్వం ఇవ్వని సరిహద్దును కాంగ్రెసు తన ఇంట్లో గీసుకుంది. భాషాప్రాతిపదిక మీద రాష్ట్రాలన్న ఆలోచనకు అది గట్టి నజీరు, అంటే ముందరి ఉదాహరణ.

అయితే ఈ పద్ధతికి ఒక హద్దు ఉంది. అర్జీ రాయగలవాడు, తీర్మానం చదవగలవాడు మాత్రమే అందులో పాలుపంచుకోగలడు. ఏ కౌలురైతు కష్టం వకీలుకు రోజూ వినబడేదో, ఆ కౌలురైతుకు మహాసభలో కుర్చీ లేదు. సహాయనిరాకరణ ఉద్యమం వకీళ్ళను కోర్టులు విడిచి రమ్మని పిలిచేసరికి, 1941 దాకా జీవించిన సుబ్బారావు తరం నాయకత్వం వెనకపట్టు పట్టింది. అదే రాజమండ్రిలో ప్లీడరుగా పనిచేసి, అక్కడే మునిసిపల్ అధ్యక్షుడై, తరువాత బారిస్టరైన టంగుటూరి ప్రకాశం ఆ పిలుపు విని వేలకు వేలు తెచ్చిపెట్టే ప్రాక్టీసును వదులుకుని 1921లో ‘స్వరాజ్య’ పత్రిక పెట్టారు. నెలనెలా ఫీజు తెచ్చే కోర్టు వెనక లేకపోవడంతో ఆ పత్రిక అప్పులతోనే నడిచి, చివరికి డబ్బు లేకనే మూతపడింది.