కాలం చేసిన పరోక్ష ఎన్నిక గారికి

మహారాజశ్రీ అమెరికా సెనేటర్ల పరోక్ష ఎన్నిక పద్ధతి గారి సముఖమునకు,

ఉభయకుశలోపరి అని మొదలుపెట్టడం మా ఆచారమే గానీ, తమరు 1913లోనే కాలం చేశారు కనుక ఆ మాట సగమే చెల్లుతుంది. అమెరికా పార్లమెంటు ఎగువ సభ అయిన సెనేట్‌కు సభ్యులను ఇప్పుడు ప్రజలే నేరుగా ఎన్నుకోవడంతో రాష్ట్రాలకు వాషింగ్టన్‌లో గొంతు లేకుండా పోయిందనీ, తమరిని మళ్ళీ బతికించి తెచ్చుకుంటే ఆ గొంతు తిరిగి వస్తుందనీ అక్కడ కొందరు అప్పుడప్పుడూ ముచ్చటపడుతున్నారు. ఆ శుభకార్యానికి ముందు తమరి జాతకం ఒకసారి తిరగేయడం మంచిదనిపించి ఈ ఉత్తరం రాస్తున్నాను.

తమరి పుట్టుకకు వంక పెట్టలేము. 1787 జూన్ 7న ఫిలడెల్ఫియాలో అమెరికా రాజ్యాంగం రాస్తున్న సమావేశంలో జాన్ డికిన్సన్ ప్రతిపాదించగా, సెనేటర్లను రాష్ట్రాల శాసనసభలే ఎన్నుకోవాలని అక్కడున్న రాష్ట్రాలన్నీ ఒప్పుకున్నాయి. ప్రజలనే నేరుగా ఎన్నుకోనిద్దామన్న జేమ్స్ విల్సన్ మాట వీగిపోయింది. జనం ఆవేశపడతారు, శాసనసభ్యులు ఆలోచిస్తారు, కనుక జనాభిప్రాయాన్ని ఒకసారి వడగట్టి పైకి పంపితే తేటనీరు వస్తుందని పెద్దల ఊహ. ఊహ మంచిదే. కాకపోతే వడగట్టే గుడ్డ ఎంత ధర పలుకుతుందో ఆనాడు ఎవరూ వాకబు చేయలేదు.

ఆ వాకబు మోంటానాలో రాగి గనుల యజమాని విలియం క్లార్క్ చేశారు. రాష్ట్రంలోని ఓటర్లందరినీ కొనడం ఎంతటి ధనవంతుడికైనా భారమే. వంద మందైనా లేని శాసనసభలో సగం మందిని మంచి చేసుకోవడం మాత్రం తమరి దయవల్ల అందుబాటులో ఉన్న వ్యవహారం. 1899 జనవరిలో ఫ్రెడ్ వైట్‌సైడ్ అనే సభ్యుడు 30,000 డాలర్లున్న కవర్లను తెచ్చి, ఇవి ఓట్ల కోసం వచ్చిన డబ్బులని శాసనసభ ముందు పెట్టారు. అదే నెలలో అదే సభ క్లార్క్‌నే ఎన్నుకుంది. సెనేట్ కమిటీ విచారణ జరిపి ఆ ఎన్నిక చెల్లదని తేల్చడంతో, 1900 మే నెలలో ఆయన రాజీనామా చేశారు. అలా ఖాళీ అయిన సీటును నింపే అధికారమున్న గవర్నర్‌ను ఏదో పని మీద రాష్ట్రం దాటించి, ఆ సందులో లెఫ్టినెంట్ గవర్నర్ చేత అదే ఖాళీలో ఆయననే నియమింపజేశారు. ఆ పాచిక పారకపోయినా నష్టమేమీ లేదు. 1901లో మరో శాసనసభ ఆయనను సగౌరవంగా సెనేట్‌కు పంపింది.

ఇక రాష్ట్రాల గొంతు సంగతి. 1895లో డెలావేర్ శాసనసభ 114 రోజుల్లో 217 సార్లు ఓట్లు వేసి, ఎవరినీ ఎన్నుకోకుండానే ఇంటికి వెళ్ళింది. అడిక్స్ అనే గ్యాస్ కంపెనీల వ్యాపారి తాను సెనేటర్ కాలేకపోయినా, ఇంకొకరిని కానివ్వకుండా ఏళ్ళ తరబడి అడ్డుపడగలిగారు. 1901 మార్చి నుంచి రెండేళ్ళపాటు ఆ రాష్ట్రానికి సెనేట్‌లో ఒక్కరైనా లేరు. తమరు కాపాడిన గొంతు అది.

తమరి లీలల్లో నాకు అన్నిటికన్నా నచ్చింది మాత్రం 1905 నాటి మిస్సోరీ ఘట్టం. సమావేశాల చివరి రోజు గడువు ముగిసిపోతున్నా సెనేటర్ తేలలేదు. గడియారం ఆగితే గడువూ ఆగుతుందని భావించిన రిపబ్లికన్లు సభలోకి నిచ్చెన తెచ్చారు. డెమొక్రాట్లు దాన్ని లాక్కుని కిటికీలోంచి బయట పారేశారు. పిడిగుద్దులు మొదలయ్యాయి, బల్లలు ఊడివచ్చాయి, పుస్తకాలు గాలిలో ఎగిరాయి, గడియారం అద్దం పగిలింది. అప్పటికీ లోలకం ఊగుతూనే ఉండటంతో ఒక సభ్యుడు సిరాబుడ్లు విసిరి విసిరి చివరికి దాన్ని కూడా విరగ్గొట్టారు. ఆవేశపరులైన ప్రజలను దూరంగా ఉంచి, వివేకవంతులకు అప్పగించిన పని ఇలా పూర్తయింది.

సెనేటర్లను ప్రజలే ఎన్నుకునేలా రాజ్యాంగాన్ని మార్చే సవరణను 1893 నుంచి దిగువ సభ అయిన ప్రతినిధుల సభ పదే పదే ఆమోదించి పంపినా, తమరి కడుపున పుట్టిన సెనేటర్లు కన్నతల్లికి ద్రోహం చేయలేక 1911 దాకా దాన్ని గట్టెక్కనివ్వలేదు. ఈలోగా ఆరెగాన్ ప్రజలు ఒక ఉపాయం కనిపెట్టారు: శాసనసభ అభ్యర్థుల చేత, జనం ఓటుతో గెలిచినవారికే మేమూ ఓటేస్తామని ముందే సంతకాలు పెట్టించుకున్నారు. దాంతో 1909లో రిపబ్లికన్ల ఆధిక్యం ఉన్న సభ పళ్ళు కొరుక్కుంటూ జార్జ్ ఛాంబర్లేన్ అనే డెమొక్రాట్‌ను ఎన్నుకోవలసి వచ్చింది. చివరికి 1913 ఏప్రిల్ 8న కనెక్టికట్ రాష్ట్రం ఆమోదంతో ఆ సవరణ 17వ సవరణగా నెగ్గింది, తమరి ఊపిరి ఆగింది.

తమరి దూరపు చుట్టం ఒకరు మా దగ్గర రాజ్యసభ అనే పేరుతో ఉన్నారు. ఆంధ్రప్రదేశ్ నుంచి 11 మందిని, తెలంగాణ నుంచి ఏడుగురిని ఎమ్మెల్యేలే ఎన్నుకుంటారు. 2003 తర్వాత ఎమ్మెల్యేలు బ్యాలెట్‌ను పెట్టెలో వేసే ముందు పార్టీ ఏజెంటుకు చూపించాలి కనుక, వడగట్టే గుడ్డను ఎవరు పట్టుకున్నారో దాచవలసిన పని కూడా తప్పింది. చాలాసార్లు ఓటింగు దాకా రానే రాదు. ఖాళీలు ఎన్నో అభ్యర్థులూ అంతమందే ఉండి, ఉపసంహరణ గడువు ముగియగానే ఏకగ్రీవమైపోతుంది. నిచ్చెన తెచ్చేవారుండరు, గడియారం వైపు తలెత్తి చూసేవారూ ఉండరు.

ఇట్లు,
తమరి చుట్టానికి ఓటు వేసే భాగ్యం ఎన్నడూ కలగని ఒక తెలుగు ఓటరు